మిషన్ మీద 2 అంటే రెండు లీటర్లు కాదు

మా పెద్దబాపు మనవరాలి పెండ్లి హనుమకొండలో. మండపం పైఅంతస్తులో, భోజనాలు కింద, లిఫ్ట్ తలుపు మీద పనిచేయడం లేదని కాగితం. మా బాపు భుజానికి చిన్న నల్ల సంచి, సంచిలోంచి సన్నటి పైపు, దాని కొసలు ముక్కులో. మెల్లగా ఎక్కుదాం బాపూ అన్నాను. పద్నాలుగు మెట్లకు ఆగాడు. సంచిలో చేతిలో పట్టుకుపోయే కొత్త ఆక్సిజన్ మిషన్ ఉంది కదా, ఇంక భయమేముంది అనుకున్నా. రెండో వరుస సగానికి వచ్చేసరికి రెయిలింగ్ పట్టుకుని వంగిపోయాడు, పెదవులు నేరేడు పండు రంగుకు వచ్చాయి. రక్తంలో ఆక్సిజన్ ఎంత శాతం ఉందో చూపే ఆక్సీమీటర్‌ను పర్సులోంచి తీసి వేలికి పెడితే 81. మిషన్ మీద చూస్తే పచ్చ లైటు వెలుగుతూ, 2 అని చూపిస్తూ, టిక్ టిక్ అంటూ తన పని తాను చేసుకుంటోంది. ఇంట్లో పెద్ద మిషన్ కూడా 2 మీదే ఉంటుంది, దాని మీద ఈ మనిషికి 91 ఉంటుంది. అదే 2, ఇక్కడ 81 ఎందుకు?

ఆ రెండు రెండ్లూ ఒకటి కాదని మాకు ఎవరూ చెప్పలేదు. అమ్మినాయన చెప్పలేదు, డబ్బాలో పుస్తకం చెప్పింది గానీ మేము చదవలేదు. లక్షా ఎనభై వేలు పెట్టాక తెలిసిన సంగతి ఇది, మీకు ఉచితంగా చెప్తున్నా.

మొదటి నుంచి చెప్తా. మా బాపు చిన్న వయసులో ఆజంజాహి మిల్లులో పనిచేశాడు, పత్తి ఏకే దగ్గర. సాయంత్రం ఇంటికొస్తే కనుబొమ్మల మీద కూడా దూది ఉండేదని అమ్మ ఇప్పటికీ అంటుంది. మిల్లు మూతపడ్డాక ఎనుమాముల మార్కెట్‌లో మిర్చి దుకాణంలో గుమాస్తాగా చేశాడు. సీజన్‌లో ఆ మార్కెట్లోకి అడుగుపెడితే కొత్తవాళ్లు తుమ్ములాగక చస్తారు, ఆయన అందులో ఇరవై ఏళ్లు పద్దులు రాశాడు. వీటికి తోడు రోజుకో కట్ట బీడీలు. ఏది ఎంత పాడు చేసిందో విడదీసి చెప్పలేమన్నాడు డాక్టర్ సార్, కానీ రోగం పేరు మాత్రం ఒకటే రాశాడు, సీఓపీడీ. మా దగ్గర దీన్ని దమ్ము అనేస్తారు. ఉబ్బసం వేరు, ఇది వేరు. ఉబ్బసంలో బిగుసుకున్న గాలి గొట్టాలు మందుకు చాలావరకు మళ్లీ తెరుచుకుంటాయి, ఇందులో ఊపిరితిత్తుల్లో పాడైన భాగం తిరిగి రాదు, మిగిలినదాన్ని కాపాడుకోవడమే. బీడీ అంటే గుర్తొచ్చింది, మా మేనత్త జన్మలో బీడీ ముట్టలేదు, కట్టెల పొయ్యి మీద నలభై ఏళ్లు వండింది, ఆమెకూ ఇదే రోగం. మగవాళ్ల రోగం అనుకుంటారు గానీ కాదు.

బాపుకు ఆక్సిజన్ రాసింది రెండేళ్ల కిందట. వేలికి క్లిప్ పెట్టి చూసి రాసేయలేదు, మణికట్టు దగ్గర నాడి కొట్టుకునే ధమనిలోంచి రక్తం తీశారు. ఆ సూది మామూలు సూది కంటే నొప్పి, బాపు కాలు ఎగిరేసి నర్సమ్మను తన్నబోయాడు. ఆ రిపోర్టులో ఆక్సిజన్ పీడనం 54 వచ్చింది. 55 లేదా అంతకంటే తక్కువ ఉంటే, లేకపోతే వేలి మీద 88 లేదా అంతకు తక్కువ కనిపిస్తూ ఉంటే, ఇంట్లో ఎక్కువ గంటలు ఆక్సిజన్ పెట్టుకోవాలి. గుండె కుడివైపు భారం పడిందని, కాళ్లు వాస్తున్నాయని తేలితే 59 దాకా ఉన్నా ఇస్తారు. ఇంకొక్క మాట. నిమ్ము చేసి ఆసుపత్రిలో పడి డిశ్చార్జ్ అయిన రోజున ఉన్న లెక్కను పట్టుకుని జీవితాంతం అనుకోవద్దు, రెండు మూడు నెలలు ఆగి మనిషి కుదుటపడ్డాక మళ్లీ చూడాలి, చాలామందికి అప్పటికి అవసరమే ఉండదు. మా పక్క వీధిలో ఒకాయన అలా అవసరం లేకుండా ఏడాది పాటు సిలిండర్లు మోయించుకున్నాడు.

ఆయాసం వేరు, ఆక్సిజన్ తగ్గడం వేరు. ఇది నాకు బుర్రకెక్కడానికి చాలా రోజులు పట్టింది. 94 చూపిస్తున్నా దమ్ము వచ్చి కూలబడేవాళ్లు ఉంటారు, అప్పుడు ఆక్సిజన్ పెట్టినా పెద్దగా ఒరిగేది లేదు, ఇన్‌హేలరూ, పెదాలు సున్నాలా చుట్టి మెల్లగా ఊదే ఊపిరీ, కొద్దికొద్దిగా నడక అలవాటూ, ఇవే పని చేస్తాయి. కొంచెమే తగ్గినవాళ్లకు ఇంట్లో ఆక్సిజన్ ఇచ్చి చూసిన ఒక పెద్ద అధ్యయనం 2016లో అమెరికాలో వచ్చింది, 738 మంది మీద, ఆయుష్షులో గానీ ఆసుపత్రి పాలవడంలో గానీ తేడా ఏమీ కనిపించలేదు. బాగా తగ్గినవాళ్ల సంగతి మాత్రం అలా కాదు. 1981లో బ్రిటన్‌వాళ్లు వేసిన లెక్క ఇప్పటికీ డాక్టర్లు చెప్తారు. రోజుకు కనీసం 15 గంటలు ఆక్సిజన్ పెట్టుకున్న 42 మందిలో ఐదేళ్లలో 19 మంది పోయారు, పెట్టుకోని 45 మందిలో 30 మంది పోయారు. పదిహేను గంటలు అన్న మాట ఎక్కువగా అక్కడి నుంచే వచ్చింది. మరి 24 గంటలూ పెడితే ఇంకా మంచిది కదా అని నేనూ అడిగా. 2024లో స్వీడన్‌వాళ్లు అదీ చూశారట, ఏడాదిలో చావుల్లో గానీ ఆసుపత్రిలో చేరడంలో గానీ 15కూ 24కూ తేడా రాలేదు. ఈ ముక్క వినగానే బాపు ముఖం వెలిగింది. "అయితే తొమ్మిది గంటలు నాయే గదా బిడ్డా" అన్నాడు.

ఇంట్లో పెద్ద మిషన్ సంగతి చెప్పకుండా చిన్నదాని సంగతి అర్థం కాదు. మా ఇంటికి వచ్చే ప్రతి చుట్టమూ అడిగే ప్రశ్న, "ఇండ్ల గ్యాస్ ఎక్కడ నింపిస్తరు?" అని. నింపేదేమీ లేదు. మనం పీల్చే గాలిలో 78 పాళ్లు నైట్రోజన్, 21 పాళ్లు ఆక్సిజన్. మిషన్ లోపల జియోలైట్ అనే గుళికలు నింపిన రెండు డబ్బాలు ఉంటాయి. గాలిని గట్టిగా ఒత్తి ఒక డబ్బాలోకి పంపితే గుళికలు నైట్రోజన్‌ను పట్టుకుంటాయి, ఆక్సిజన్ దాటి బయటికి వస్తుంది. ఆ డబ్బా నిండగానే ఒత్తిడి వదిలేసి నైట్రోజన్‌ను బయటికి ఊదేస్తుంది, ఈలోపు రెండో డబ్బా పని మొదలుపెడుతుంది. ఆ ఫుస్సుమనే చప్పుడు అదే. మొదటి వారం నిద్ర పట్టలేదు, ఇప్పుడు అది ఆగితే మెలకువ వస్తోంది. బాగున్న మిషన్ నుంచి వచ్చే గాలిలో 90కి పైన, ఎక్కువగా 93 పాళ్లు ఆక్సిజన్ ఉంటుంది.

బాగున్న మిషన్ అని ఎందుకన్నానంటే, మేము మొదట కొన్నది పాతది. 2021 ఎండాకాలంలో కరోనా రెండో వేవ్‌లో జనం అప్పు చేసి మరీ కొన్న మిషన్లు ఇప్పటికీ ఎన్నో ఇండ్లలో మంచాల కింద ఉన్నాయి, తెలిసినవాళ్ల దగ్గర ఒకటి పదిహేను వేలకు వస్తే తీసుకున్నాం. నడుస్తోంది, గాలి వస్తోంది, అంతా బాగుంది. బాపుకు మాత్రం 87 దాటదు. రిపేర్ చేసే తమ్ముడు మీటర్ తెచ్చి పైపు కొసకు పెడితే 74 పాళ్లే ఆక్సిజన్. మూడేళ్లు వాడకుండా మూల పడేస్తే ఆ గుళికలు తేమ పట్టి పాడవుతాయట. కాబట్టి పాత మిషన్ ఎవరు ఇచ్చినా, ఊరికే ఇచ్చినా సరే, ఆ మీటర్‌తో చూపించకుండా మనిషికి తగిలించవద్దు. రెండు నిమిషాల పని.

కరెంటు లెక్క కూడా చెప్తా, దీని గురించి ఎవరూ రాయరు. మా మిషన్ 350 వాట్లు. రోజుకు 16 గంటలంటే 5.6 యూనిట్లు, నెలకు 168. ఫ్యాన్లు, ఫ్రిజ్, టీవీ కలిపి మా ఇంటికి 110 దాకా ముందే వచ్చేది. గృహజ్యోతి కింద 200 లోపల ఉంటే జీరో బిల్లు కదా, మిషన్ వచ్చిన నెల నుంచి 280కి పోయింది, జీరో కాస్తా పోయింది. దాటిన 80 యూనిట్లకు కాదు, మొత్తం బిల్లు కట్టాలి. మా అమ్మ మీటర్ దగ్గర నిలబడి మిషన్‌ను తిట్టింది. ఊపిరికి బిల్లు వేయడం ఏంటి అని ఆమె బాధ, నాకైతే న్యాయమే అనిపిస్తుంది, ఇలాంటి ఇండ్లకు ఒక మినహాయింపు పెడితే ఎవరి సొమ్మేం పోతుంది?

కరెంటు పోతే ఇన్వర్టర్ ఉంది. 150 ఆంపియర్ అవర్ బ్యాటరీ మీద లెక్క ప్రకారం ఐదు గంటలు రావాలి, నిజంగా వచ్చేది మూడున్నర. అందుకని వెనకాల ఒక బీ టైపు సిలిండర్ ఉంచాం, ఒళ్లంతా నలుపు, మెడ దగ్గర తెలుపు, చూస్తే ఆక్సిజన్‌దని తెలిసిపోతుంది. అందులో 1500 లీటర్లు పడుతుంది, నిమిషానికి 2 లీటర్ల మీద పన్నెండున్నర గంటలు. గాలివాన వచ్చి రాత్రంతా కరెంటు లేని రోజు ఆ సిలిండరే కాపాడింది.

ఇదంతా ఇంట్లో సంగతి. బాపుకు ఇల్లే జైలైంది. పైపు ఏడు మీటర్లు, అది అందినంత మేరే ఆయన ప్రపంచం. వాకిలి దాకా వస్తుంది, గేటు దాకా రాదు. రోజూ సాయంత్రం మిల్లు గ్రౌండ్ దగ్గర చాయ్ హోటల్‌లో పాత మిల్లు దోస్తులతో కూర్చునేవాడు, అది బందైంది. ఆ గ్రౌండ్‌ను ఇప్పుడు ఓ సిటీ అంటారు, వీళ్లకు మాత్రం అది మిల్లే. నెల రోజులకు మాట తగ్గింది. అన్నం తినేటప్పుడు పైపు తీసేయడం, తీసినది మళ్లీ పెట్టుకోకపోవడం, అడిగితే కసురుకోవడం. అప్పుడే మా తమ్ముడు బెంగళూరు నుంచి ఫోన్ చేసి, చేతిలో పట్టుకుపోయే మిషన్లు వచ్చాయక్కా, బ్యాటరీ మీద నడుస్తాయి, ఒకటి పంపిస్తా అన్నాడు. ఆన్‌లైన్‌లో చూసి, అన్నిట్లోకీ తేలికైనది పంపించాడు. కిలోన్నర కూడా లేదు. దాని మీద 1, 2, 3 అని మూడు నంబర్లు. ఫోన్‌లో అమ్మినాయనను అడిగా, సార్ మాకు రెండు లీటర్లు రాశారు, సరిపోతుందా అని. మూడు దాకా ఉంది కదా మేడం, భేషుగ్గా సరిపోతుంది అన్నాడు. నేనూ సరే అన్నా.

అసలు తేడా ఇక్కడుంది, కొంచెం ఓపిగ్గా చదవండి. పెద్ద మిషన్ ధారగా ఇస్తుంది. 2 మీద పెడితే, మీరు పీల్చినా వదిలినా, నిమిషానికి 2 లీటర్లు పోతూనే ఉంటాయి. ఊపిరి వదిలేటప్పుడు వచ్చేది వృథానే, అయినా పర్వాలేదు, కరెంటు ఉంది. చిన్న మిషన్‌కు అంత చేతకాదు. అది గుక్కలుగా ఇస్తుంది. ముక్కుతో పీల్చడం మొదలుపెట్టగానే కనిపెట్టి, ఆ మొదట్లోనే ఒక గుక్క వదులుతుంది, తర్వాత ఊరుకుంటుంది. వినడానికి తెలివైన పనే, వృథా లేదు. కానీ నంబరు అన్నది లీటర్లు కాదు, ఆ గుక్క సైజు. బాపు మిషన్ పుస్తకం తర్వాత తెరిచి చూస్తే 1 అంటే నిమిషానికి 210 మిల్లీలీటర్లు, 2 అంటే 420, 3 అంటే 630 అని ఉంది. మొత్తం తిప్పినా లీటరు కూడా లేదు. కుదురుగా కూర్చున్న మనిషికి ఈ 420 సరిగ్గా పీల్చే క్షణంలో అందుతుంది కాబట్టి ధారగా వచ్చే 2తో దాదాపు సమానంగా పనిచేస్తుంది, అందుకే ఇంట్లో కుర్చీలో కూర్చోబెట్టి చూసినప్పుడు 90 చూపించింది, మేము చప్పట్లు కొట్టాం.

మెట్లెక్కేటప్పుడు ఏమవుతుందో చూడండి. కుర్చీలో నిమిషానికి 20 సార్లు ఊపిరి తీస్తే, 420ని ఇరవైతో భాగిస్తే ఊపిరికి 21 మిల్లీలీటర్లు. మెట్ల మీద 30 సార్లు తీస్తాడు, అప్పుడు ఊపిరికి 14. అంటే ఒంటికి ఎక్కువ కావాల్సిన టైంలో ఒక్కో గుక్క చిన్నదైపోయింది. ఎంత వేగంగా పీల్చినా గుక్క తగ్గని మిషన్లూ ఉన్నాయి, వాటికి బ్యాటరీ త్వరగా అయిపోతుంది, ఏ మిషన్‌దైనా ఒక హద్దు అంటూ ఉంటుంది. దీనికి తోడు బాపు ఆయాసంలో నోటితో పీలుస్తాడు. ముక్కులో గాలి కదలిక లేకపోతే మిషన్‌కు మనిషి పీల్చినట్టే తెలియదు. నిద్రలో ఊపిరి పలచనైనప్పుడూ అదే ఇబ్బంది, అందుకే రాత్రి పెద్ద మిషనే. చిన్నదాని మీద పడుకోవచ్చా అని అడిగితే, రాత్రంతా ఆక్సిజన్ రికార్డు చేసి చూడకుండా వద్దన్నాడు డాక్టర్.

పెండ్లి రోజు ఆ మెట్ల మీదే కూర్చోబెట్టాం. 3కి పెంచాను, పెదాలు చుట్టి ఊదమన్నాను, పది నిమిషాలకు 88కి వచ్చింది. ముహూర్తం దాటిపోయింది, మా పెద్దబాపే కిందికి దిగి వచ్చి తమ్ముడి పక్కన మెట్టు మీద కూర్చున్నాడు, ఇద్దరూ అక్కడే అక్షింతలు పట్టుకుని. నాకు ఏడుపొచ్చింది, కోపమూ వచ్చింది, ఎవరి మీదో తెలియలేదు.

మర్నాడు రిపోర్టులు పట్టుకుని సార్ దగ్గరికి పోతే ఆయన ఒక్కటే అడిగాడు, "ఆ మిషన్ పెట్టి నడిపించి చూశారా?" అని. లేదు. వరండాలో ఒక కొస నుంచి ఇంకో కొసకు ఆరు నిమిషాలు నడిపించారు, వెనకాల ఒక అమ్మాయి ఆక్సీమీటర్ చూస్తూ. 2 మీద 82కి పడిపోయింది, కూర్చోబెట్టి మళ్లీ 3 మీద నడిపిస్తే 85. వాళ్ల దగ్గర ఉన్న ఇంకో మిషన్, 5 దాకా ఉన్నది, 4 మీద పెడితే 89 దగ్గర నిలబడింది. అంతే. అరగంట పరీక్ష. ఇది కొనకముందు చేసి ఉంటే మా డబ్బులు మిగిలేవి. కొనేముందు మీ మనిషికి తగిలించి నడిపించండి, వీలైతే మెట్లెక్కించండి, ఒక వారం అద్దెకు తీసుకోండి. అద్దెకిచ్చేవాళ్లు హనుమకొండలోనే ఉన్నారు, మాకే తెలియలేదు. తేలికైన మిషన్ కావాలని అందరికీ ఉంటుంది, కానీ తేలిక అంటేనే గుక్క చిన్నదని.

మొదటిది తిరిగి తీసుకోనన్నాడు అమ్మినాయన, సీల్ విప్పారు కదా అని. చివరికి నలభై వేలు నష్టానికి ఇచ్చి, 5 దాకా ఉన్నది తీసుకున్నాం. ఇది రెండు కిలోల పైన. 2 మీద బ్యాటరీ నాలుగు గంటలు వస్తుంది, 4 మీద రెండు గంటలు కూడా కష్టమే. కూర్చున్నప్పుడు 2, నడిచేటప్పుడు 4, ఈ తిప్పడం బాపుకు రెండు రోజుల్లో వచ్చింది, రేడియో తిప్పినట్టు తిప్పుతాడు. ఇంకో బ్యాటరీ కొనక తప్పలేదు.

ఎక్కువ పెడితే పోయేదేముంది అనుకునేవాళ్లకు మా ఇంట్లో జరిగిన ఇంకో ముక్క. ఒక రాత్రి ఆయాసమని బాపు తనంతట తానే పెద్ద మిషన్‌ను 5కి తిప్పుకుని పడుకున్నాడు. పొద్దున లేపితే లేవడు, లేచినా తల పగిలిపోతోందంటాడు, మత్తు, మాట ముద్ద ముద్దగా. వేలి మీద చూస్తే 98. మామూలు మనిషికి 98 అంటే సంతోషం. ఈ రోగంలో కొందరికి ఆక్సిజన్ ఎక్కువైతే ఒంట్లో కార్బన్ డయాక్సైడ్ బయటికి పోక పేరుకుంటుంది, ఆ మత్తు దానిదే, ముదిరితే ప్రాణం మీదికి వస్తుంది. అందుకే వీళ్లకు 88 నుంచి 92 మధ్య ఉంచమంటారు. మా అమ్మ ఇప్పుడు ఆ రెండు నంబర్లూ క్యాలెండర్ మీద ఎర్ర పెన్నుతో రాసి పెట్టింది.

నిప్పు సంగతి. ఆక్సిజన్ తనంతట తాను కాలదు, కానీ దాని దగ్గర ఏది అంటుకున్నా భగ్గుమంటుంది. మా ఇంట్లో దేవుడి గూడు బాపు మంచానికి నాలుగడుగుల దూరంలో ఉండేది, పొద్దున దీపం, అగరొత్తులు. దేవుణ్ణి జరుపుతావా అని అమ్మ రెండు రోజులు మాట్లాడలేదు, చివరికి మంచాన్ని జరిపాం. పైపు ఒరుసుకుని ముక్కు ఎండి పగిలితే అమ్మ వాజ్‌లైన్ రాసేది, అది కూడా వద్దు, కొబ్బరినూనె వద్దు, బామ్ వద్దు, నూనె ఉన్నదేదీ ఆక్సిజన్ దగ్గర పనికిరాదు. నీళ్లతో చేసే జెల్ మందుల షాపులో దొరుకుతుంది, అది రాస్తున్నాం.

వరంగల్ మే నెల గురించి మీకు చెప్పేదేముంది. ఈ చిన్న మిషన్లు 40 డిగ్రీల వరకే పనిచేస్తాయని పుస్తకంలో ఉంటుంది, మనకు పగలు 44. ఒకసారి ఆటోలో పోతుంటే వేడెక్కి అరవడం మొదలుపెట్టింది, తడి తువ్వాలు కప్పబోయాను, దేవుడి దయ, ఆటో డ్రైవర్ ఆపాడు. గాలి లోపలికి పోయే జాలీ మూసేస్తే ఇంకా వేడెక్కుతుంది, పైగా నీళ్లు. నీడకు తీసి సంచి జిప్పులు విప్పితే చల్లబడింది. అప్పటి నుంచి ఎండాకాలం బయటికి పోవడం సాయంత్రం ఆరు తర్వాతే. జాలీ వారానికోసారి కడిగి పూర్తిగా ఆరాకే పెట్టాలి, మన దుమ్ముకు నల్లగా అయిపోతుంది.

తమ్ముడు విమానం ఎక్కించి బెంగళూరు తీసుకుపోతా అంటున్నాడు. సొంత సిలిండర్‌ను విమానంలోకి రానివ్వరు, ఇలాంటి మిషన్‌ను డాక్టర్ కాగితంతో, ముందుగా చెప్పి ఒప్పించుకుంటే రానిస్తారు, ప్రయాణం ఎంత సేపో దానికి ఒకటిన్నర రెట్లు బ్యాటరీలు పట్టుకుపోవాలి. విమానంలో గాలి పీడనం కొండ మీద ఉన్నట్టు తగ్గుతుంది కాబట్టి కింద సరిపోయిన నంబరు పైన సరిపోకపోవచ్చు, అదీ ముందే అడిగి తెలుసుకోవాలి. చూద్దాం. నాకింకా ధైర్యం రాలేదు.

అన్నిటికంటే కష్టం డబ్బులూ కాదు, బ్యాటరీలూ కాదు. సిగ్గు. "గీ తొండం పెట్టుకొని నలుగుట్లకు నేను రాను బిడ్డా" అనేవాడు. కొత్త మిషన్ వచ్చాక కూడా పదిహేను రోజులు గేటు దాటలేదు. గల్లీ పిల్లలు చూస్తారు, ఎవరో ఒకరు వచ్చి ఎన్ని రోజులు బతుకుతవని అడుగుతారు, మన ఊళ్లో ఆ మాట అడగడానికి జనానికి మొహమాటం లేదు కదా. నేను ఎంత చెప్పినా కదలనివాణ్ణి కదిలించింది మిల్లు దోస్తు ఒకాయన. ఒక సాయంత్రం ఇంటికే వచ్చాడు, సంచిని చేత్తో తూచి చూసి, "మనం మోసిన దూది బస్తాల ముందు గిదెంతరా, లే" అన్నాడు. ఆయనే సంచి తన భుజానికి వేసుకున్నాడు. పైపు పొడవు తక్కువ కాబట్టి ఇద్దరూ ఆనుకుని నడవాలి, గల్లీ మలుపు దాకా ఇద్దరు ముసలోళ్లు ఒకే తాడుకు కట్టిన ఎడ్లలాగా పోవడం నేను గేటు దగ్గర నిలబడి చూశా. రెండు సార్లు ఆగారు. మూడోసారి ఆగినప్పుడు నవ్వుతున్నారు.

ఇప్పుడు వారానికి నాలుగు రోజులు పోతున్నాడు. హోటల్ గ్యాస్ పొయ్యికి దూరంగా, వేపచెట్టు కింద ఒక బెంచీ వేశారు, పొయ్యికీ దానికీ పది అడుగుల పైనే ఉందని నేను వెళ్లి చూసి వచ్చా. దోస్తుల్లో ఇద్దరు ఇంకా బీడీ తాగుతారు. బాపు దూరం నుంచే చెయ్యి ఊపి, "గ్యాస్ బండ వస్తాంది, జరుగుండ్రి" అని అరుస్తాడట, వాళ్లు బీడీలు పట్టుకుని రోడ్డు అవతలికి పోతారు, తాగడం అయ్యాకే ఇటు వస్తారు. హోటల్ ఆయన ఫోన్ చార్జింగ్ పెట్టుకునే ప్లగ్ ఒకటి వైరు లాగి చెట్టు దాకా తెచ్చాడు.

నిన్న ఎనిమిదైనా రాలేదు. నాకు టెన్షన్ పట్టుకుని ఫోన్ చేశా. వెనకాల గ్లాసుల చప్పుడు, ఎవరో గట్టిగా నవ్వుతున్నారు. బ్యాటరీ ఎంతుంది బాపూ అన్నాను.

"ఒక్క గీతనే ఉన్నది బిడ్డా. చార్జింగ్ పెట్టిన. గది ఎక్కేదాక ఇంకో చాయ్ తాగి వస్త."